తల ఊపిన బేరం

ఆ ఎండాకాలం మొదలయ్యేసరికి నా చేతిలో ఉన్నవి ఇవి: ఇంగ్లండులోని హల్ రేవులో చేపల వేలంలో నిలబడే హక్కు, హెసిల్ రోడ్డు వెనక సందులో చేపలు కోసే రెండంతస్తుల షెడ్డు, అందులో కత్తి తిరిగిన ఆడవాళ్ళు కొందరు, ఒక ముసలి లారీ, హిల్డా అనే భార్య, వాల్ట్ అనే బావమరిది. వీటన్నిటికంటే ఖరీదైనది ఇంకొకటి ఉండేది. నా తల.

నవ్వకండి. మా వేలంలో కొనేవాడు నోరు విప్పడు. వేలందారు జిప్సన్ చేపల తొట్ల మీద వేసిన పలకల మీద నడుస్తూ ధర పాడుకుంటూ పోతాడు. మేం పక్కనే నడుస్తాం. ఒకడు కన్ను గీటుతాడు, ఇంకొకడు పెన్సిలు తిప్పుతాడు. నేను గడ్డం అరంగుళం దించి ఎడమకన్ను చికిలిస్తాను. అంతే, నా పేరున్న చీటీ తొట్టిలోకి విసురుతాను, సరుకు నాది. సంతకం లేదు, సాక్షి లేదు. ఊపిన తల ఊపినట్టే. ఒకసారి ముసలి బ్లెంకిన్ ముక్కు మీద ఈగను తోలబోయి తల ఊపాడు. ఎవరికీ అక్కర్లేని చేప బండెడు అతని మెడకు చుట్టుకుంది. తిట్టుకుంటూనే డబ్బు కట్టాడు. ఎవరైనా నవ్వితే "ఈగ నాదే, తల నాదే, చేపా నాదే, నీకేం?" అనేవాడు. మా మార్కెట్‌లో మర్యాదంటే అది.

అది డెబ్భై ఆరు. ఐస్‌లండ్ వాళ్ళు తమ సముద్రాన్ని మా పడవలకు మూసేశారు. చేపల కోసం ఉత్తరానికి పోయే ట్రాలర్లు సగం రేవులో కట్టేసి ఉన్నాయి. పడవల్లోంచి చేపలు దింపే ముఠాకు వాల్ట్ మేస్త్రీ. ముఠాలో సగం మందిని కంపెనీ తీసేస్తుందని పుకారు. ఎవరిని తీసేస్తారో, ఎవరు చెబితే తీసేస్తారో ఎవరికీ తెలియదు. చెక్క అడుగుల జోళ్ళతో టకటకమంటూ నడిచే మనుషులు ఒకరి వెనక ఒకరు నడవడానికి కూడా జంకుతున్న రోజులు.

అప్పుడు దిగాడు ఎమ్రిస్ గెథిన్. వేల్స్‌లో బొగ్గుగని కార్మికుడి కొడుకు. గొంతు పెంచకుండా మాట్లాడేవాడు, అందుకని అందరూ దగ్గరకు జరిగి వినేవారు. అప్పటికి రెండు సినిమాలు తీశాడు. మొదటిది పైకప్పులు కారే పేదల వాడ గురించి. అది చూసి ఆ ఊరి మునిసిపాలిటీ సిగ్గుపడి కొత్త ఇళ్ళు మొదలుపెట్టింది. రెండోది ఆస్పత్రి వరండాల్లో పడిగాపులు కాసే తల్లుల గురించి. ఆయన సినిమాలో అబద్ధం ఉండదని పేరు. నటులు దాదాపు ఉండరు. ఆ ఊరివాళ్ళే తమ పేర్లతో, తమ బట్టల్లో ఉంటారు. కథ వరసగా తీస్తాడు. రేపేమిటో ఎవరికీ చెప్పడు. ఎవరి వంతు ఏమిటో ఆ పొద్దున వాళ్ళ చెవిలో చెబుతాడు, అది ఇంకొకరికి చెప్పకూడదు. తెలియకపోతేనే మొహం నిజం చెబుతుందని ఆయన నమ్మకం.

ఈసారి కథ మా రేవులో సమ్మె. సమ్మె నాయకుడిగా నటించడానికి వాల్ట్ అప్పటికే ఒప్పుకున్నాడు. ఫిల్ము కోసుకుని అతుక్కునే పనికి నా షెడ్డు పైఅంతస్తు అద్దెకు అడిగితే, చేపల కంపుకు తగ్గింపు లేదని చెప్పి మంచి ధరకే ఇచ్చాను. బేరం అక్కడితో ఆగి ఉంటే బాగుండేది.

మర్నాడు వేలం ముగిసి అందరం చీటీలు సర్దుకుంటుంటే ఎమ్రిస్ వచ్చాడు.

"నోరిస్ గారూ, కథలో చేపల వర్తకుడు ఒకడున్నాడు. మీరు చెయ్యాలి."

"నాకు నటన రాదండీ."

"రానివాళ్ళే నాకు కావాలి."

జిప్సన్ పలకల మీంచే అరిచాడు. "వీడికి నటన రాదా! కుళ్ళిన కాడ్ చేప ముందు నిలబడి గులాబీ వాసన చూసినట్టు మొహం పెడతాడు!"

"ఆ వర్తకుడు మంచోడా, చెడ్డోడా?" అని అడిగాను.

"మీలాంటివాడు."

"అయితే చెడ్డోడే!" అని వేలం షెడ్డంతా గొల్లుమంది.

"ఒప్పుకో బావా," అన్నాడు వాల్ట్ తొట్టి మీద కూర్చుని. "ఎలాగూ ఆదివారం ఆదివారం మీ ఇంటికి భోజనానికొస్తే నా ప్లేట్లో మాంసం లెక్కపెడుతూనే ఉంటావు. అదేదో తెరమీదే తేల్చుకుందాం."

అందరూ నా వైపే చూస్తున్నారు. నేను తల ఊపాను. గడ్డం అరంగుళం, ఎడమకన్ను. ఆ క్షణాన ఎమ్రిస్ నా కళ్ళలోకి కాదు, నా గడ్డం వంక చూశాడు. అప్పుడది నాకు పట్టలేదు.

ఇంటికొచ్చి చెబితే హిల్డా బంగాళాదుంపలు వేయించడం ఆపకుండానే అడిగింది. "చివర్లో ఏమవుతుందట?"

"ఎవరికీ చెప్పడు."

"సరుకు చూడకుండా కొన్నావన్నమాట."

"కొనలేదే, అమ్మాను."

"అయితే ఏం అమ్మావో చెప్పు."

అద్దె ఎంత వస్తుందో చెప్పాను. ఆమె పెనం వైపు తిరిగింది.

ఆ ఏడు ఎండలు ముసలివాళ్ళకు కూడా కొత్త. తారు కరిగి జోళ్ళకు అంటుకునేది. నీళ్ళు పొదుపు చెయ్యమని రేడియో పొద్దస్తమానం మొత్తుకునేది. కథ మాత్రం చలికాలంలో జరుగుతుంది. అందుకని మా నాన్న వదిలిపోయిన నల్ల ఉన్నికోటు పైదాకా గుండీలు పెట్టుకుని, మెడకు మఫ్లరు చుట్టుకుని నిలబడాలి. జుట్టు కత్తిరించుకోకూడదు. మొన్న చెవి మీద పడ్డ జుట్టు ఇవాళ లేకపోతే చూసేవాళ్ళు నమ్మరట. మంగలి నన్ను పిలిస్తే, మా సినిమావాళ్ళ అనుమతి కావాలని చెప్పాల్సి వచ్చింది. నా నెత్తి మీది వెంట్రుకలు కూడా నావి కాకుండా పోయాయి.

"ఓనరుగారూ, రెండు గడ్డలు మంచు కోటులో వెయ్యనా?" అనేది ఫ్లోరీ. మా షెడ్డులో పెద్ద కత్తి ఆవిడదే. ఆవిడ మొగుడు వాల్ట్ ముఠాలోనే ఉన్నాడు.

ఒక మంగళవారం నిజమైన వేలాన్ని తీస్తామన్నాడు ఎమ్రిస్.

"రోజూ చేసేదే చెయ్యండి. కెమెరా ఉందనుకోకండి. కోటు మాత్రం వేసుకోండి."

"నా పొట్టకూటి వేలానికి కోటెందుకండీ? ఇది కథలోది కాదుగా?"

"ఎందుకైనా పనికొస్తుంది."

ఆ మాట మాది. తలలూ తోకలూ పారెయ్యకుండా ఎరువుల మిల్లుకు తోసేటప్పుడు మేం అనే మాట. నేను అప్పుడైనా ఆలోచించాల్సింది. కెమెరాను నా మొహానికి జానెడు దూరంలో పెట్టారు. కోటులో ఉడికిపోతూ, చెమట కనుబొమల మీంచి కారుతుంటే, వంగి తొట్టిలోకి చూసి రెండు తొట్ల హాడక్ కొన్నాను. మంచి చేప. కళ్ళు ఇంకా మెరుస్తున్నాయి.

పైఅంతస్తులో బెరిల్ అనే ఆవిడ కూర్చుని ఫిల్ము అతికేది. లండన్ మనిషి, నోట్లో సిగరెట్టు ఆరేది కాదు, చేప ముక్క ఇస్తే పుచ్చుకుని మారుమాట లేకుండా పోయేది. ఆవిడ మిషను ముందుకీ వెనక్కీ తిప్పుతుంటే చెక్కనేల సందుల్లోంచి నా గొంతే కిందికి రాలేది. కథలో నేను వాల్ట్‌తో అనే మాట: "నాకేం తెలీదయ్యా." మళ్ళీ వెనక్కి. మళ్ళీ "నాకేం తెలీదయ్యా." కింద ఆడవాళ్ళు ఆ లయకే చేపలు కోసేవారు.

"పాపం, ఓనరుగారికి ఏమీ తెలీదట," అనేది ఫ్లోరీ. "పొద్దుట్నించీ చెబుతూనే ఉన్నాడు."

నవ్వులాటగానే ఉండేది. కానీ రోజురోజుకూ కథలో నా వంతు ఒక్కో అంగుళం వంకరపోతోంది. ఒకరోజు కంపెనీ ఏజెంటుతో కూర్చుని టీ తాగమన్నాడు ఎమ్రిస్. ఆ ఏజెంటుగా వేసినవాడొక్కడే అసలు నటుడు, బయటినుంచి తెచ్చారు. ఇంకోరోజు వాల్ట్ తలుపు కొడితే తియ్యొద్దన్నాడు. వాల్ట్‌కు ఆ సంగతి తెలియదు. "బావా, లోపలున్నావని తెలుసు, కోటు కంపు ఇక్కడిదాకా కొడుతోంది!" అని బయట నిజంగానే అరుస్తున్నాడు. లోపల నేను బిగుసుకుని నిలబడ్డాను.

ఆ సాయంత్రం ఎమ్రిస్ దగ్గరకు వెళ్ళాను. "నేను మానేస్తానండీ."

"మీరు తల ఊపారు కదా, అందరి ముందూ."

"అది చేపల బేరానికి."

ఆయన మెత్తగా నవ్వాడు. "మీ దగ్గర ఇంకో రకం తల ఉందా నోరిస్ గారూ?"

వాల్ట్‌కు చెప్పుకుంటే వాడూ అదే పాట. "సగం సినిమా అయిపోయింది. నువ్వు పోతే మేమందరం ఎండలో గంతులేసింది బూడిదేగా? అయినా ఊపిన తల వెనక్కి తీసుకున్నవాణ్ణి ఈ రేవులో ఎక్కడైనా చూశావా?"

చూడలేదు. అదే చిక్కు.

ఆగస్టులో ఒక పొద్దున నా ఆఫీసు గదిలోనే పెట్టారు కెమెరా. వాల్ట్‌ను, మిగతావాళ్ళను సందు చివరికి పంపేశారు. లోపల నేను, ఏజెంటు నటుడు, ఎమ్రిస్, కెమెరా పట్టుకున్నవాడు. కిటికీలు మూసి ఉన్నాయి.

"ఆయన కొన్ని పేర్లు చదువుతాడు," అన్నాడు ఎమ్రిస్ నా చెవిలో. "సమ్మె నడిపేది ఎవరో తెలుసుకోవాలి ఆయనకు. మీకేం తోస్తే అది చెయ్యండి."

నటుడు ముఠావాళ్ళ పేర్లు చదివాడు. అసలు పేర్లే. ఒక్కో పేరు చదివి నా వంక చూశాడు. వాల్ట్ పూర్తి పేరు, వాల్టర్ సడబీ, అని చదివి ఆగాడు. మెడలో నరం లాగింది. ముప్పై ఏళ్ళ అలవాటది, ఎవరైనా ఏదైనా పాడి ఆగితే తల కదలాలని చూస్తుంది. బల్ల మీది సిరాబుడ్డి వంక చూస్తూ మెడ బిగబట్టాను. మళ్ళీ తీశారు. మళ్ళీ బిగబట్టాను. ఇంకోసారి. కదల్లేదు.

"బాగుంది. చాలు," అన్నాడు ఎమ్రిస్. మొహంలో కోపం లేదు.

బయటికి రాగానే వాల్ట్ అడిగాడు. "లోపలేం చేశారు బావా?"

"చెప్పకూడదుగా."

"అబ్బో, పెళ్ళికూతురు!"

ఆ రోజు కోటు విప్పి ఇంటికి నడుస్తుంటే ఒళ్ళు తేలికైంది. ఎలా ఇరికించినా నా తల నా మెడ మీదే ఉందనుకున్నాను.

సినిమా తియ్యడం అయిపోయింది. కొన్నాళ్ళకు ముఠాలో సగం మందిని తీసేశారు, నిజంగానే. కంపెనీ మనిషి రేవు గేటు దగ్గర నిలబడి పేర్లు చదివాడు. మొదటి పేరు వాల్ట్‌ది. ఆదివారం ఎప్పటిలాగే మా ఇంటికి భోజనానికి వచ్చాడు. మాంసం కోసుకుంటూ అన్నాడు. "సినిమాలోనూ తీసేశారు, బయటా తీసేశారు. సినిమాయే నయం అక్కా, కనీసం ఎవడు చెప్పాడో చివర్లో తెలుస్తుంది." హిల్డా వాడి ప్లేట్లో ఇంకో ముక్క వేసింది. నేను లెక్కపెట్టలేదు.

ఎమ్రిస్‌కు ఒక పద్ధతి ఉంది. సినిమాలో ఉన్నవాళ్ళే దాన్ని ముందు చూడాలి, ఆ తరువాతే లోకం. శనివారం మధ్యాహ్నం ప్రార్థనామందిరం పక్క హాల్లో తెర కట్టారు. కిటికీలకు దుప్పట్లు వేలాడదీశారు. హెసిల్ రోడ్డంతా అక్కడే ఉంది. తమ మొహాలు చూసుకుని ఈలలు వేశారు, వాల్ట్ మాట్లాడితే బల్లలు చరిచారు. నా కోటును చూసి కడుపుబ్బ నవ్వారు.

తరువాత ఆ ఆఫీసు గది వచ్చింది. నటుడు పేర్లు చదువుతున్నాడు. "వాల్టర్ సడబీ." ఆగాడు.

నా మొహం వచ్చింది. కనుబొమల నుంచి గడ్డం దాకా తెర నిండా నా మొహమే. చెమట కనుబొమ మీంచి జారుతోంది. కళ్ళు కిందికి వాలాయి. గడ్డం అరంగుళం దిగింది. ఎడమకన్ను చికిలింది.

ఆ గదిలో నేను చెయ్యనిది అది. కానీ చేసింది నేనే. ఏ రోజో, ఏ చేపకో కూడా తెలుసు నాకు. మంగళవారం, హాడక్. ఎండకు పట్టిన చెమట తెరమీద దొంగచెమట అయి కూర్చుంది.

వెనక వరసలోంచి జిప్సన్ అన్నాడు, గట్టిగా కూడా కాదు. "నోరిస్ తలే అది. ముప్పై ఏళ్ళుగా దానికి చేపలమ్ముతున్నా. అది నటన కాదు."

దీపాలు వెలిగాక ఫ్లోరీ లేచింది. "అయ్యా, ఒక్క మాట. అలా తల ఊపమని మీరు చెప్పారా ఆయనకు?"

"లేదమ్మా," అన్నాడు ఎమ్రిస్. "నేనెవరికీ ఏం చెయ్యాలో చెప్పను."

నిజమే చెప్పాడు. చెప్పి తన బూట్ల వంక చూసుకున్నాడు.

వాల్ట్ నా వైపు తిరగలేదు. తన వరసలోంచి పక్కకు జరుగుతూ, ఒక్కొక్కరినీ "ఏమనుకోకండి, ఏమనుకోకండి" అని దాటుకుంటూ వెళ్ళిపోయాడు.

వీధిలో హిల్డా అడిగింది. "ఊపావా?"

"లేదు."

"నేను చూశాను."

"నేనూ చూశాను. అది వేలంనాటిది. హాడక్ కొన్నప్పటిది. కోసి అక్కడ అతికారు."

ఆమె వీధి చివరికొచ్చాక అడిగింది. "ఎవరు నమ్ముతారు?"

"నువ్వు?"

"నాతో అబద్ధమాడితే నీ చెవులు ఎర్రబడతాయి. ఇప్పుడు ఎర్రబడలేదు. కానీ నా కళ్ళు తీసి ఊరికి పెట్టలేనుగా."

సోమవారం షెడ్డుకు ఎవరూ రాలేదు. ఫ్లోరీ మాత్రం వచ్చి తన కత్తి తీసుకుని గుడ్డలో చుట్టుకుంది. "మా ఆయన్ని కూడా తీసేశారు ఓనరుగారూ," అంది. అంతే అంది. కంపెనీకి పేర్లు ఎవరిచ్చారని ఊరు అంతవరకూ వెతుకుతోంది. ఇక వెతకనక్కర్లేదు, తెరమీద చూశారు.

వేలంలో ఇంకో వింత జరిగింది. జిప్సన్ ధర పాడాడు. నేను తల ఊపాను. ఆయన నా మొహంలోకి నేరుగా చూశాడు. "ఇంకెవరైనా?" అన్నాడు. మళ్ళీ ఊపాను. పక్కవాడి పెన్సిలుకు ఇచ్చేశాడు. తరువాతి తొట్టికి నేను నోరు తెరిచి, కొత్తగా ఊళ్ళోకి వచ్చినవాడిలా ధర బయటికి చెప్పాల్సి వచ్చింది. అప్పుడు ఇచ్చాడు. ముప్పై ఏళ్ళలో వేలం నడుస్తుండగా నా గొంతు వినబడడం అదే మొదలు.

నేరుగా నా షెడ్డు పైఅంతస్తుకు ఎక్కాను. ఎమ్రిస్ పెట్టెలు సర్దుతున్నాడు. బెరిల్ మూల కూర్చుని సిగరెట్టు కాలుస్తోంది.

"దాన్ని తీసెయ్యండి. లేదా నిజం చెప్పండి వాళ్ళకు."

ఆయన పెట్టె మూత పట్టుకునే నిలబడ్డాడు. "మీరు కదల్లేదు, నిజమే. కానీ కథలో ఎవరో ఒకరు కదలాలి. అక్కడ ఎవరో ఒకరు కదిలితేనే సగం ముఠా రోడ్డున పడుతుంది. నేను పుట్టించిందా అది? రేవు గేటు దగ్గర జరగలేదా?"

"ఆ ఎవరో ఒకడు నేనే ఎందుకు?"

"మీ మొహాన్ని అందరూ నమ్ముతారు గనక."

ఆయనే మళ్ళీ అన్నాడు. "ఇది అతుకని ఒక్కసారి ఒప్పుకున్నాననుకోండి. మొదటి సినిమాలో కారిన పైకప్పు కూడా అతుకే అంటారు. ఆ మునిసిపాలిటీ పెద్దలు దానికోసమే కాచుకుని కూర్చున్నారు. ఇంకా సగం ఇళ్ళు కట్టాలి నోరిస్ గారూ. ఆ ఆస్పత్రి తల్లులు... వాళ్ళనీ అబద్ధం అంటారు." తప్పించుకోవడానికి అంటున్నట్టు లేదు. లెక్క చూసుకునే అంటున్నాడు. ఒక పక్క ఇళ్ళు, తల్లులు, ముఠా. ఇంకో పక్క ఒక చేపల వర్తకుడు. అదే తక్కెడ నా చేతికిచ్చి, అవతల ఇంకెవడైనా ఉంటే నేనూ అటే మొగ్గేవాణ్ణి.

మెట్లు దిగుతుంటే బెరిల్ వెనకే వచ్చింది. చిప్సు పొట్లంలా వార్తాపత్రికలో చుట్టినదేదో నా చేతిలో పెట్టింది. "మిగిలిన ముక్క," అంది. "మేం దేన్నీ పారెయ్యం. అతకమంటే అతికాను, జీతం దానికే. దాచమని మాత్రం ఎవరూ అనలేదు."

వేలు వెడల్పు ఫిల్ము చుట్ట. కిటికీకి ఎత్తి చూశాను. ఊపు అయిపోయి గడ్డం పైకి లేస్తున్న చోట మొదలవుతుంది. వెంటనే కెమెరా కిందికి దిగుతుంది. నా చెయ్యి, చీటీ, తొట్టి, చీటీ పడ్డ చేప. అన్నీ ఉన్నాయి. ఒక్కసారి తెరమీద వేస్తే చాలు, నేను బయటపడతాను.

వాల్ట్ పెరట్లో బోర్లించిన బకెట్టు మీద కూర్చుని చెక్కజోడుకు ఇనుప నాడా కొడుతున్నాడు. ఇక ఆ జోళ్ళతో పని లేదు వాడికి. నన్ను చూసి సుత్తి దించలేదు.

"దేనికొచ్చావు?"

ఫిల్ము ఇచ్చాను. వాడు దాన్ని ఎండకు ఎత్తి, ఒక కన్ను మూసి, మెల్లగా లాక్కుంటూ పోయాడు. ఒకచోట ఆగాడు.

"మూపు మీద నల్లమచ్చ," అన్నాడు. "హాడక్."

"మంగళవారంనాటిది."

"తెలుసు. నేను దింపిందే." ఇంకాసేపు చూశాడు. పెదవి మూల కదిలింది. "మంచి సరుకు. పైన పడ్డ చెత్త తీసి పక్కన పెట్టి మరీ నీ ముందుకు తోశాను, ముసలి గాడిదా." సుత్తి కింద పెట్టి మొహం తుడుచుకున్నాడు. "ఆ హాల్లో నిన్ను గొంతు పట్టుకోకుండా బయటికి రావడం ఎంత కష్టమైందో తెలుసా?"

"ఇప్పుడు తెలిసిందిగా. పద, క్లబ్బులో జిప్సన్‌కు, అందరికీ చూపిద్దాం."

వాడు లేవలేదు. ఫిల్మును జాగ్రత్తగా చుట్టి పొట్లంలో పెట్టాడు.

"ఇది ఇంకెవరికైనా చూపించావా?"

"హిల్డాకు కూడా లేదు. నేరుగా నీ దగ్గరికే."

"అక్కకు చూపించు. ఇంకెవరికీ వద్దు."

"ఏం?"

"సినిమా చలికాలంలోపు టీవీలో వేస్తారట. మా యూనియన్ వాళ్ళు దాన్ని పట్టుకునే లండన్లో పెద్దల ముందు కూర్చుంటారు. మేం రోజుకూలీలమట బావా, ఏళ్ళ తరబడి దింపినా, తీసేసినందుకు మాకేం ఇవ్వక్కర్లేదట. దేశమంతా చూశాక ఆ మాట అనడం కష్టం. అందులో ఒక్క ముక్క అబద్ధమని తేలితే మొత్తం అబద్ధమనేస్తారు."

"మరి నేను?"

వాల్ట్ ఒక మేకు తీసుకుని పళ్ళ మధ్య పెట్టుకున్నాడు. జోడు తిప్పి మోకాళ్ళ మధ్య బిగించాడు. "నీకు షెడ్డు ఉంది," అన్నాడు మేకు పక్కనుంచి.

ఆ మేకు తీసి జోడులోకి దిగ్గొట్టాడు.

"ఆదివారం వస్తావా?" అని అడిగాను.

"జనం చూస్తారు బావా."

వాడు తల ఎత్తి నా వంక చూస్తూ ఆగాడు, ధర పాడి ఆగినట్టే. నా గడ్డం అరంగుళం దిగింది. ఎడమకన్ను చికిలింది. ఈసారి అది ఎవరూ అతికింది కాదు.

హిల్డా ఫిల్మును వంటింటి కిటికీ దగ్గర రెండుసార్లు చూసింది. వాల్ట్ మాట చెప్పాను. ఆమె లేచి తలుపు వెనక మేకుకు ఉన్న ఉన్నికోటు తీసి, మడత కూడా పెట్టకుండా, పాతబట్టల బండివాడికి ఇచ్చేసింది. "వాడు రానప్పుడు ఇది మాత్రం ఎందుకు?" అంది.

ఇప్పుడు వాల్ట్ లేడు, ఎమ్రిస్ కూడా పోయాడు. మాట పుచ్చుకున్నవాడు, మాట దాచుకున్నవాడు ఇద్దరూ వెళ్ళిపోయారు గనక లెక్క మూసెయ్యొచ్చు.

సినిమా చలికాలానికి ముందే వచ్చింది. దేశం చూసింది. ముఠాకు ఏదో కొంత ముట్టింది. అడిగినంత కాదు, కానీ ఇవ్వక్కర్లేదన్నవాళ్ళే ఇచ్చారు. వాల్ట్ దాంతో అప్పులు తీర్చి, కారు వెనక లాక్కెళ్ళే కారవాన్ బళ్ళు తయారుచేసే ఫ్యాక్టరీలో చేరాడు. ఆదివారాలు మా ఇంటికి మళ్ళీ రాలేదు. క్రిస్మస్‌కు పెరటి తలుపు దగ్గర ఒక సీసా పెట్టి పోయేవాడు, ఎవరు పెట్టారో చీటీ ఉండేది కాదు. హిల్డా ఏడాదికోసారి తమ్ముడి వీపు చూసేది, సందు మలుపులో. ఫ్లోరీ వేరే షెడ్డులో కోసింది. నేను కొత్తవాళ్ళను పెట్టుకుని, వేలంలో నోరు తెరిచి ధర చెబుతూ, రేవు పూర్తిగా చల్లారేదాకా వ్యాపారం చేశాను. ఎమ్రిస్ చాలా సినిమాలు తీశాడు, అన్నీ పేదవాళ్ళవే, చాలావరకు మంచివే. ఎక్కడ సన్మానం చేసినా ఆ తల ఊపు గురించి అడిగేవారట. తన కెమెరాకు చిక్కిన గొప్ప నిజం అదేనని చెప్పేవాడట. ఆ మొదటి ఊళ్ళో మిగతా ఇళ్ళు కూడా కట్టారని విన్నాను.

అందరికీ ఎంతో కొంత గిట్టింది. ఆ ఊపుకు నా వంతు ఏం వచ్చిందని చూసుకుంటే, రెండు తొట్ల హాడక్. మంచి చేప. ఆ సాయంత్రానికే అమ్ముడుపోయింది.